అయిదో బెజ్జం

చింతపిక్క అనే ఆ ఆడగుర్రం పద్నాలుగు వందల మీటర్ల దూరాన్ని ఒక నిమిషం ఇరవై అయిదు సెకన్లలో పరుగెత్తింది. దాని మీద మోపిన నేరం అదే.

అంతకుముందు నాలుగు పందేలలో అదే మైదానం మీద, అదే దూరం, అదే జాకీని మోస్తూ పరుగెత్తినప్పుడు ఒక్కసారి కూడా ఒక నిమిషం ఇరవై ఏడు సెకన్లకు తగ్గలేదు. ఆరో స్థానం, ఎనిమిదో స్థానం, మళ్ళీ ఆరు, ఆపైన తొమ్మిది. అయిదో పందెం గత శనివారం సాయంత్రం నాలుగూ పదికి జరిగింది. అందులో రెండో గుర్రాన్ని నాలుగు గుర్రాల నిడివి వెనక వదిలి గెలిచింది. మంగళవారం ఉదయం పది నలభైకి మాస్టారు రేసుల క్లబ్బు భద్రతాధికారి గదిలో కూర్చుని ఈ అంకెలన్నిటినీ ఒక చీటీ మీద ఒకదాని కింద ఒకటి రాసుకున్నారు.

మాస్టారు పోలీసు కాదు, లాయరూ కాదు. పశువైద్య కళాశాలలో ముప్పై రెండేళ్ళు శరీరధర్మశాస్త్రం బోధించి విశ్రాంతి తీసుకుంటున్న మనిషి. క్లబ్బువారికి అంతుపట్టనిదేదైనా ఎదురైనప్పుడు ఆయనకు కబురు వస్తుంది. ఆయన దగ్గరున్న పనిముట్టు ఒకే ఒక్క ప్రశ్న: "నీకెలా తెలుసు?" ఆ ప్రశ్న వేసి వేసి బంధువుల్లో సగంమందిని దూరం చేసుకున్నారని ఆయన భార్య అంటుంది. మిగిలిన సగం చాలునని ఆయన జవాబు.

ఆ ఉదయం ఆ ప్రశ్నకు భద్రతాధికారి దగ్గర సమాధానం సిద్ధంగా ఉంది. శుక్రవారం ఉదయం ఆరింటికి, పందెపు గుర్రాలన్నిటికీ చేసే మామూలు పరీక్షలో, లాయంలో నిలబడి ఉన్న చింతపిక్క రక్తంలో ఎర్రకణాల పాలు నూటికి నలభై. శనివారం పందెం ముగిసిన ఆరు నిమిషాలకు అరవై రెండు. ఒక్క రోజులో రక్తం అంత చిక్కబడిందంటే ఎవరో ఏదో ఎక్కించారని ఆయన వాదన. పూర్వం పోలీసు శాఖలో పనిచేసిన మనిషి, మాట తిన్నగా కొట్టిన మేకులా ఉంటుంది. లాయాల్లో ఆయన్ని చాటుగా గద్ద అంటారు. ఆ సంగతి ఆయనకు తెలుసు, కొంత ఇష్టం కూడా.

మూత్ర పరీక్షలో ఏం తేలిందని మాస్టారు అడిగారు. ఏమీ తేలలేదు. నూట నలభై రకాల మందుల కోసం వెతికారు, ఒక్కటీ దొరకలేదు.

"అంటే?" అన్నారు మాస్టారు.

"అంటే పరీక్షకు దొరకని మందన్నమాట."

"దొంగ దొరకలేదు కాబట్టి దొంగ చాలా తెలివైనవాడని రుజువైంది. అంతేనా ఆఫీసరుగారూ?"

"మీరు వెటకారం చేయండి, ఫర్వాలేదు. మందు లేకుండా గుర్రం రెండు సెకన్లు ఊరికే తగ్గదు. దానికి మీరు వేరే కారణం చూపించండి, నేను నోరు మూసుకుంటాను. సాయంత్రం అయిదింటి వరకూ టైముంది."

అయిదింటికి క్లబ్బు సంఘం సమావేశం. భద్రతాధికారి ఫిర్యాదు నిలబడితే చింతపిక్కకు శిక్షణ ఇచ్చిన స్త్రీకి లైసెన్సు రద్దవుతుంది. ఆ తరవాత వారంలోగా ఆమె లాయం ఖాళీ చేయాలి. తొమ్మిది గుర్రాలు, వాటిని నమ్ముకుని బతికే పదకొండుమంది మనుషులు రోడ్డున పడతారు.

మాస్టారు చీటీ మడిచి జేబులో పెట్టుకున్నారు. మేకు లాంటి మనిషే అయినా గద్ద అడిగిన ప్రశ్న సరైనదని ఆయనకు అనిపించింది. రక్తం సంగతి తేలికగా తేలిపోతుంది. రెండు సెకన్ల సంగతే తేలాలి.

పదకొండుం పావుకు శిక్షకురాలు లాయం వరండాలో, గడ్డి కట్టల పక్కన, నిలబడే మాట్లాడింది. నలభై దాటిన మనిషి. మూడు రాత్రులుగా నిద్ర లేదని కళ్ళు చెబుతున్నా గొంతు స్థిరంగా ఉంది. తండ్రి పోయాక రెండేళ్ళుగా లాయం నడుపుతోంది. శనివారంది తన చేతిమీదుగా వచ్చిన మొదటి గెలుపు. పందెం ముగిసి గుర్రాన్ని కౌగిలించుకున్న అయిదు నిమిషాలకే గద్ద సీసాలు పట్టుకుని వచ్చాడట. ఆ రోజు మామూలు రోజుకంటే భిన్నంగా ఏం జరిగిందని మాస్టారు గుచ్చి గుచ్చి అడిగారు. మేత మారలేదు, నీళ్ళు మారలేదు, నాడాలు పది రోజుల క్రితం వేసినవే, ఎండ మామూలే. గుర్రం ఎందుకు పరుగెత్తిందని ఆమె తన లాయంలో అందరినీ అడిగిందట. మేత కలిపేవాడు ఓట్సు గొప్పతనమన్నాడు. నాడాలు కొట్టే మేస్త్రి నాడాల గొప్పతనమన్నాడు. మాలిషు చేసే తాత తన చేతి గొప్పతనమన్నాడు.

"మరి మీరేమంటారు?"

"తల్లి బీజం అన్నాను. నేనే కొన్నాను కదా దాన్ని." ఆమె మొదటిసారి నవ్వింది. "ఓడినప్పుడు ఒక్కడూ ఇది నావల్లేనని రాలేదు మాస్టారూ. గెలిస్తే మాత్రం తలా ఒక చెయ్యి."

మాస్టారుకు ఈ మాట నచ్చింది. ఓటమికి కారణం ఎవరూ వెతకలేదు. అందరూ గెలుపు చుట్టూనే తిరుగుతున్నారు. నాలుగు పందేలలో ఒకేలా పరుగెత్తి అయిదోదాంట్లో మారితే, అయిదోసారి ఏం చేర్చారని అడగవచ్చు. అంతే న్యాయంగా, అయిదోసారి ఏం తీసేశారని కూడా అడగవచ్చు. గద్ద మొదటి ప్రశ్న అడిగి ఆగిపోయాడు.

"శనివారం ఎవరైనా పనిలోకి రాలేదా?" అన్నారాయన.

శిక్షకురాలు ఆలోచించింది. అందరూ వచ్చారని, మాలిషు తాత ఒక్కడే పన్ను పీకించుకోవడానికి వెళ్ళి రెండింటి నుంచి అయిదింటి దాకా లేడని చెప్పింది. ఆయన లేకపోతే జీను తను కట్టబోయిందట. జాకీ పిల్ల, అంటే తాత మనవరాలు, "నేను కట్టుకుంటాలే అక్కా, నువ్వు తాడు పట్టుకో" అందట. అంతకు మించి ఏమీ లేదు.

జీనులు దాచే గది పొడవుగా, ఇరుకుగా, తోలూ నూనే కలిసిన వాసనతో ఉంది. పన్నెండింటికి మాస్టారు అందులోకి వెళ్ళి, కిటికీ దగ్గరికి చింతపిక్క జీనును తెచ్చుకుని కూర్చున్నారు. పందెపు జీను అరచేతుల మీద ఆడించేంత తేలిక. దానికి రెండు వైపులా తోలు పట్టెలు వేలాడతాయి, ఒక్కొక్క పట్టెకు ఆరేసి బెజ్జాలు. గుర్రం ఛాతీ కిందుగా చుట్టి వచ్చే జీనుపట్టీని ఆ బెజ్జాల్లో బకిలుతో బిగిస్తారు. కిందినుంచి లెక్కపెడితే, ఎన్ని బెజ్జాలు పైకి వెళితే అంత బిగువు.

తోలు అబద్ధం చెప్పదు, ఎందుకంటే దానికి మన వాదనల్లో ఆసక్తి లేదు. అయిదో బెజ్జం కోడిగుడ్డు ఆకారంలో సాగిపోయి ఉంది. దాని అంచున తోలు మడత పడి, నల్లబడి, నెర్రెలు విచ్చింది. ఒకటి, రెండు, నాలుగు, ఆరు గుండ్రంగా, కొత్తగా ఉన్నాయి. మూడో బెజ్జం కూడా గుండ్రంగానే ఉంది, కానీ దాని పక్కన తోలు మీద సన్నని మడత ఒకటి కనిపించింది. ఒకే ఒక్కసారి, ఒకే ఒక్క బిగింపు వల్ల పడే మడత. రెండో వైపు పట్టె తిప్పి చూశారు. అక్కడా అంతే.

గోడకున్న నల్లబల్ల మీద వారం పనులు సుద్దతో రాసి ఉన్నాయి. బల్ల మూలన మేకుకు పంటి డాక్టరు ఆసుపత్రి కార్డు గుచ్చి ఉంది. "మంగళవారం, ఉదయం పది" అని మొదట రాసి, దాన్ని కొట్టేసి, అదే చేతిరాతతో "శనివారం, మధ్యాహ్నం మూడు" అని దిద్దారు. మంగళవారమంటే ఈ రోజే. ఎవరో పని గట్టుకుని మూడు రోజులు ముందుకు జరిపించారు. కాకతాళీయం కావచ్చు. కాకి వాలిన ప్రతిసారీ తాటిపండు పడదని మాస్టారుకు తెలుసు. అలాగని పడ్డ ప్రతిసారీ కాకిని వదిలేయకూడదనీ తెలుసు.

గడ్డి మోపులు తూచే స్ప్రింగు కాటా అడిగి తెప్పించుకుని, శిక్షకురాలి సాయంతో చింతపిక్క దగ్గరికి వెళ్ళారు. అది చిన్న గుర్రం. మెరిసే ముదురు గోధుమరంగు. పేరు పెట్టినవాడికి కళ్ళున్నాయి. జీను వేసి, కాటా కొక్కేన్ని బకిలుకు తగిలించి, పట్టీని మూడో బెజ్జం దాకా లాగారు. ముల్లు పది కిలోల దగ్గర నిలిచింది. గుర్రం ఏమీ పట్టించుకోకుండా తొట్టె నాకుతోంది. అయిదో బెజ్జం దాకా లాగారు. పద్దెనిమిదిన్నర. చింతపిక్క చెవులు వెనక్కి వాల్చి, తొట్టె అంచును పళ్ళతో పట్టుకుంది.

"ఇలా ఎప్పుడూ చేస్తుందా?"

"జీను వేసినప్పుడల్లా చేస్తుంది. దాని అలవాటనుకున్నాం," అంది శిక్షకురాలు. శనివారం మాత్రం చేయలేదన్న సంగతి ఆమెకు అప్పుడే గుర్తొచ్చింది. మాస్టారు వెంటనే పట్టీ వదులు చేశారు.

ఇన్నాళ్ళూ మీరు పట్టీ ఎందుకు సరిచూడలేదని ఆయన అడిగితే ఆమె కాస్త చిన్నబుచ్చుకుంది. పట్టీ బిగించే పని ఈ లాయంలో ఆమె తండ్రి చేసేవాడు. ఆయన పోయాక పెద్దరికం తాతది. తాత బిగించిన పట్టీ మీద ఇంకెవరూ వేలు పెట్టకూడదని ఇక్కడి కట్టుబాటు. వేలు పెడితే ఆయన్ని అవమానించినట్టు. చిన్నప్పుడు తనను మొదటిసారి గుర్రం ఎక్కించిన మనిషితో బాబాయ్, కొంచెం జరుగు అని ఎలా అంటుంది?

మధ్యాహ్నం ఒకటిన్నరకు తాతతో మాట్లాడారు. ఎడమ కాలు ఈడుస్తూ నడిచే డెబ్బై ఏళ్ళ మనిషి. బుగ్గ ఇంకా కొంచెం వాచి ఉంది. మాటలు చెప్పించాల్సిన అవసరం లేదు, ఆపడమే కష్టం. ముప్పై ఏళ్ళ క్రితం తనూ జాకీయేనట. మూడో మలుపులో జీను కడుపు కిందికి తిరిగిపోయి గుర్రాల కాళ్ళ మధ్య పడ్డాడు. మోకాలు ముక్కలైంది. ఆ రోజు పట్టీ ఎంత వదులుగా కట్టారని మాస్టారు అడిగితే, వదులు కాదు, తెగిపోయిందని, పాత తోలు కదా అని తాత తేలికగా చెప్పేశాడు. మాస్టారు ఆ మాటను చీటీ మీద రాసుకున్నారు.

"ఇప్పుడు మీరు ఎంత బిగిస్తారు?"

"నా వేలు దూరనంత. బెజ్జం ఎక్కువైతే గుర్రం విసుక్కుంటుంది, అంతే. తక్కువైతే పిల్ల ప్రాణం పోతుంది. ఏది మేలో మీరే చెప్పండి."

మాస్టారు చీటీ మడిచి జేబులో పెట్టుకున్నారు. ఎదుటి మనిషి కళ్ళలో అంత ప్రేమ కనిపిస్తున్నప్పుడు కాటా ముల్లు చూపించడానికి ఆయనకు కూడా కొంత వ్యవధి కావాలి.

రెండూ ఇరవైకి భద్రతాధికారి స్వయంగా లాయానికి వచ్చాడు. మాస్టారు పిలిపించారు. మాస్టారు దగ్గర పూర్వం చదువుకున్న పశువైద్యురాలు సూదీ, సీసాలతో సిద్ధంగా ఉంది. చింతపిక్క ఒక కాలు వంచి నిలబడి కునుకు తీస్తోంది. రక్తం తీశారు. తరవాత మాస్టారు చెప్పినట్టు పక్క లాయం నుంచి రెండు గుర్రాలను దాని ముందునుంచి మైదానానికి నడిపించారు. పందెపు జీను తెచ్చి ఎదురుగా పెట్టారు. చింతపిక్క తల ఎత్తింది, ముక్కుపుటాలు విచ్చుకున్నాయి, కాళ్ళు మార్చి మార్చి తొక్కసాగింది. పది నిమిషాలకు మళ్ళీ రక్తం తీశారు. గుర్రం ఉన్నచోటు నుంచి ఒక్క అడుగు కూడా బయట పెట్టలేదు.

వైద్యురాలి గదిలో యంత్రం రెండు సీసాలనూ గిరగిరా తిప్పి ఆగింది. మొదటిది ముప్పై తొమ్మిది. రెండోది యాభై ఒకటి.

గద్ద రెండు సీసాలనూ వెలుతురుకు పట్టి చూశాడు. "ఇప్పుడు మీరేం ఎక్కించారు?"

"ఆశ," అన్నారు మాస్టారు. "దాని ప్లీహం ఒక గాదె. ఉన్న ఎర్రకణాల్లో మూడో వంతు దాకా అందులో నిలవ ఉంటాయి. పరుగు రాబోతోందని తెలిస్తే గాదె తలుపు తెరుచుకుంటుంది. పూర్తి పరుగులో అరవై దాటుతుంది. మీరు నిద్రపోతున్న గుర్రాన్నీ పరుగెత్తిన గుర్రాన్నీ పక్కపక్కన పెట్టి, రెండో దానికి ఎవరో ఏదో ఎక్కించారన్నారు. ఎక్కించింది ఆ గుర్రమే."

"మిగతా గుర్రాలకూ అంతేనా?"

"శనివారం ఓడిపోయిన గుర్రాల రక్తం తీశారా?"

తీయలేదు. అనుమానం ఉన్నదాన్నే పరీక్షించాడు. గద్ద సీసాలు రెండూ బల్ల మీద పెట్టేశాడు. మాస్టారు ఆ సంగతి పొడిగించలేదు. ఓడిన మనిషి మీద పాఠం చెప్పడం ఆయన దృష్టిలో చదువుకున్నవాడు చేసే అల్లరి. అయినా గుర్రం గురించి నోరు తెరిచాక ఆయన్ని ఆపడం ఎవరి తరమూ కాదు. అయిదు కిలోల గుండె గురించి, మోకాలి కింద కండ లేకుండా తీగల్లాంటి స్నాయువులతో బిగించిన కాళ్ళ గురించి, దౌడులో అడుగుకొక ఊపిరి చొప్పున పొట్ట ముందుకూ వెనక్కూ ఊగుతూ కొలిమి తిత్తిలా గాలి తోడే తీరు గురించి ఆయన చెబుతూ పోయారు. గద్ద అనుకోకుండా వినసాగాడు.

"సరే మాస్టారూ, రక్తం వదిలేద్దాం," అన్నాడు చివరికి. "గుండె కొత్తగా పెరగలేదు, కాళ్ళు కొత్తగా మొలవలేదు. నాలుగు పందేల్లోనూ ఇదే గుండె, ఇవే కాళ్ళు. రెండు సెకన్లు ఎక్కడినుంచి వచ్చాయి? దానికి జవాబు లేకపోతే నా ఫిర్యాదు నేను వదలను. అయిదింటికి తాతను కూడా సాక్షిగా పిలిచాను. ఆ గుర్రం ఒంటి మీద రోజూ చెయ్యి వేసేది ఆయనే."

మాస్టారు వాచీ చూసుకున్నారు. మూడుం పావు.

మనవరాలు జీనుల గది గుమ్మంలో తన బూట్లు తుడుచుకుంటోంది. ఇరవై మూడేళ్ళ పిల్ల, యాభై కిలోలుంటుందేమో. మాస్టారు వచ్చి పక్కన కూర్చుంటే ఒకసారి చూసి, మళ్ళీ బూటు మీదికి వంగింది.

"తాత పన్ను ఎన్నాళ్ళుగా ఊగుతోందమ్మా?"

"మూడు నెలలు."

"మూడు నెలలు ఊగిన పన్నుకు ఇంకో మూడు రోజులు ఆగే ఓపిక లేకపోయిందా?"

గుడ్డ ఆగింది. ఆ పిల్ల అబద్ధం చెప్పాలా వద్దా అని తూచుకోవడం, వద్దనుకోవడం, రెండూ ఆమె ముఖంలో కనిపించాయి.

ఒక ఉదయం తాత ఆలస్యంగా వస్తే తనే రోజూ సాధనకు వాడే వేరే జీను కట్టుకుని గుర్రాన్ని దౌడు తీయించిందట. అది తన కింద ఉన్న గుర్రమేనా అని అనుమానమొచ్చిందట. దిగి చూస్తే తేడా ఒక్కటే, పట్టీ మూడో బెజ్జంలో ఉంది. ఆ రోజు తాతకు చెప్పింది.

"ఏమన్నారు?"

"నీ వెన్నుపూస నా మోకాలికంటే గట్టిదా అన్నాడు. రెండు రోజులు నాతో మాట్లాడలేదు. భోజనం దగ్గర కూడా గోడ వైపు తిరిగి కూర్చున్నాడు. మళ్ళీ అడిగితే ఏడుస్తాడు మాస్టారూ. ఆయన ఏడిస్తే నేను సరేనంటాను. అందుకని పన్ను పీకించాను."

మాస్టారు నవ్వు ఆపుకోలేదు. ఆ పిల్లా నవ్వింది, కానీ త్వరగానే ఆగిపోయింది. ఈ సంగతి ఆదివారమే చెప్పి ఉంటే ఫిర్యాదు ఇంతదాకా వచ్చేది కాదని ఆమెకు తెలుసు. తండ్రీ తల్లీ లేని తనను పెంచిన మనిషికి, నీ చేత్తోనే నన్ను నాలుగుసార్లు ఓడించావని చెప్పే నోరు రాలేదు. మరోవైపు, తనను అక్కా అని పిలవనిచ్చిన మనిషి లైసెన్సు పోతుంటే చూస్తూ ఊరుకోవడానికి మనసూ ఒప్పలేదు. తాత లేని చోట అయిదింటికి చెప్పేద్దామనుకుంది. ఆయన్నీ సాక్షిగా పిలిచారని విని కుడితిలో పడ్డ ఎలుకలా అయింది.

"మీరే చెప్పండి మాస్టారూ. మీరైతే మెత్తగా చెబుతారు."

"నేను చెబితే అది అంకె అవుతుందమ్మా. నువ్వు చెబితే మాట అవుతుంది. అంకెల వంతు తరవాత నేను చూసుకుంటాను."

అయిదింటికి సంఘం గదిలో పొడుగు బల్ల వెనక అధ్యక్షుడూ, ఇద్దరు సభ్యులూ కూర్చున్నారు. ఎదురు బెంచీ మీద శిక్షకురాలు, తాత, మనవరాలు. భద్రతాధికారి లేచి తన ఫిర్యాదు చదివాడు. చదివాక రక్తం గురించిన భాగాన్ని తానే కొట్టేస్తున్నట్టు చెప్పి, కారణం కూడా దాచకుండా చెప్పాడు. మాస్టారు ఆయన్ని కొత్తగా చూశారు. మిగిలింది రెండు సెకన్ల ప్రశ్న.

మనవరాలు లేచింది. అధ్యక్షుడి ముఖంలోకి మాత్రమే చూస్తూ, జీనుపట్టీ శనివారం తానే కట్టానని, రెండు బెజ్జాలు వదులుగా కట్టానని, తాత ఉంటే ఒప్పుకోడు కనక పంటి డాక్టరు దగ్గరికి పంపానని చెప్పింది. చెప్పి కూర్చుంది. తాత వైపు తిరగలేదు.

మాస్టారు జీనును బల్ల మీద పెట్టి బెజ్జాలు చూపించారు. పది కిలోలు, పద్దెనిమిదిన్నర కిలోలు. మితిమీరి బిగించిన పట్టీతో గుర్రాలు తొందరగా అలిసిపోతాయని కొలిచి చూసినవాళ్ళు ఉన్నారన్నారు. ముంగాళ్ళ వెనక కండరాలకు పట్టు చాలకనా, ఛాతీ విచ్చుకోకనా అన్నది శాస్త్రం ఇంకా పూర్తిగా తేల్చలేదని కూడా చెప్పారు. తేలినంత మేరకే చెప్పడం ఆయన పద్ధతి. "ఈ గుర్రానికి ఎవరూ వేగం ఇవ్వలేదు. ఉన్న వేగాన్ని పట్టుకుని ఉన్న చెయ్యి ఒక్కరోజు లేదు, అంతే."

తాత తన అరచేతులు తిప్పి చూసుకున్నాడు.

"నాకు చెప్పొచ్చుగా," అన్నాడు మనవరాలితో.

"చెప్పాను తాతా."

"ఇంకోసారి చెప్పొచ్చుగా."

ఆ పిల్ల ఆయన మోచెయ్యి పట్టుకుంది. ఆయన విదిలించుకోలేదు. మాస్టారు వైపు తిరిగి, పది కిలోలైతే జీను జారదని మీరు ప్రమాణం చేస్తారా అని అడిగాడు.

"చేయను," అన్నారు మాస్టారు. "ఏ పట్టీ మీదా ఎవరూ ప్రమాణం చేయలేరు. కానీ మీ మాటే మీకు గుర్తు చేస్తాను. ఆ రోజు మీ పట్టీ వదులై జారలేదు, పాతదై తెగింది. ముప్పై ఏళ్ళుగా మీ భయం బిగువు మీద కాపలా కాస్తోంది. కాయవలసింది తోలు మీద."

తాత చాలాసేపు జీను వైపు చూశాడు. తరవాత లేచి, కాలు ఈడుస్తూ బల్ల దగ్గరికి వెళ్ళి, సాగిపోయిన అయిదో బెజ్జం మీద బొటనవేలితో రుద్దాడు. "ఈ తోలు మార్చాల్సిందే," అన్నాడు, పనివాడి గొంతుతో. "చూడండి, అంచు చీరుకుపోతోంది." అధ్యక్షుడు ఫిర్యాదు కాగితం మీద అడ్డంగా గీత గీసి సంతకం పెట్టాడు. శిక్షకురాలు రెండు చేతులతో ముఖం కప్పుకుంది. చేతులు తీసేసరికి ఆమె నవ్వుతోంది, కళ్ళు తడిగా ఉన్నాయి.

అందరూ లేస్తుండగా భద్రతాధికారి చెయ్యి ఎత్తాడు. "తాతా, ఒక్క మాట. ఇలా బిగించేది మనవరాలు ఎక్కే గుర్రానికేనా?"

"అదేం మాట బాబూ?" తాతకు నిజంగానే కోపం వచ్చింది. "తక్కినవాళ్ళు తల్లికి పుట్టలేదా? అందరి పిల్లలూ పిల్లలే. తొమ్మిదింటికీ ఒకటే బిగువు."

శిక్షకురాలి నవ్వు సగంలో నిలిచిపోయింది. మాస్టారు ఆమె ముఖంలో రెండేళ్ళ ఓటములు ఒక్కొక్కటే వరస మారడం చూశారు. తండ్రి పోయాడు, పట్టీ తాత చేతికి వచ్చింది, గెలుపు ఆగిపోయింది. బీజం మీద, మేత మీద, తన తలరాత మీద ఆమె వేసుకున్న నిందలన్నీ ఒక్క క్షణంలో నిరాధారమయ్యాయి.

"రేపటినుంచి అన్నిటికీ కాటాతోనే కడతాను," అన్నాడు తాత గంభీరంగా. "పది కిలోలు. ఒక్క గీత ఎక్కువ కాదు."

గద్ద అప్పటికే రాబోయే శనివారం పందేల జాబితా తీశాడు. పేర్ల మీద వేలు పెట్టి కిందికి జరుపుతున్నాడు. ఈ లాయం నుంచి ఆరు గుర్రాలు. గత శనివారం ఒక్కటి గెలిస్తేనే మూడు సంతకాలు లేని ఉత్తరాలు వచ్చాయని, మైదానం గేటు దగ్గర రెండు గుంపులు కొట్టుకున్నాయని ఆయన ఎవరితోనో కాక తనలో తాను అన్నట్టు అన్నాడు.

"కంగారు పడకండి," అన్నారు మాస్టారు. "ఆరూ మెరుగుపడినా, ఒక పందెంలో గెలిచేది ఒక్కటే."

భద్రతాధికారి వేలు జాబితా అడుగున ఆగింది. ఆయన తల ఎత్తినప్పుడు ఆ ముఖంలో గద్ద పోలికలేవీ మిగల్లేదు.

"ఆరూ ఆరు వేరువేరు పందేల్లో ఉన్నాయి మాస్టారూ."